ఎడిటింగ్ నేర్చుకునే కుర్చీ పారిస్‌లోనే ఉందా?

ప్రశ్న: మా రెండో అమ్మాయి బి.టెక్. మూడో సంవత్సరం చదువుతోంది. ఫ్రాన్స్ వెళ్లి సినిమా ఎడిటర్‌ని అవుతానంటోంది. అక్క పెళ్లి వీడియో ముందేసుకుని పది రాత్రులు నిద్ర మానుకుంది. పారిస్‌లోని ఒక ప్రైవేటు సంస్థలో ఏడాది కోర్సుకు సీటు ఇప్పిస్తామని కన్సల్టెన్సీవారు అంటున్నారు. అందుకు అరెకరం పొలం అమ్మాలి. పారిస్‌లోని ప్రభుత్వ సినిమా కళాశాల లా ఫెమిస్ మంచిదా, పుణెలోని ప్రభుత్వ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ మంచిదా? అమ్మాయి స్థిరపడుతుందా? (ఒక తండ్రి, తెనాలి)

జవాబు: మీరు రెండు సంస్థలను పోల్చి చెప్పమన్నారు గాని, మీకు నిద్ర పట్టనివ్వనిది ఆ చివరి ప్రశ్నే. స్థిరపడటమంటే నెలనెలా జీతమని మీ ఉద్దేశమైతే, అది ఫ్రాన్స్‌లో పుట్టి పెరిగిన ఎడిటర్లలో చాలామందికి కూడా లేదు. వారు ఒక్కో సినిమాకు ఒక్కో ఒప్పందం మీద పనిచేస్తారు. 12 నెలల్లో 507 గంటల పని చూపగలిగినవారికి ఖాళీగా ఉన్న రోజులలో నిరుద్యోగ భృతి అందుతుంది. చాలామందిని ఆ వృత్తిలో నిలబెడుతున్నది ఈ ఏర్పాటే. అయితే ఆ 507 గంటలు నిండాలంటే ముందు పనికి పిలిచేవారుండాలి, పరాయి దేశపు అమ్మాయికి పనిచేసే అనుమతి కూడా ఉండాలి. కన్సల్టెన్సీవారి రంగురంగుల పుస్తకంలో ఈ సంగతి ఉందేమో వెతికి చూడండి.

ఏడాది కోర్సుల మీద నాకు మొదటినుంచీ అనుమానమే. సాఫ్ట్‌వేర్ నేర్చుకోవడానికి మూడు నెలలు చాలు, దానికి పారిస్ అక్కరలేదు. ఏ షాటును ఎక్కడ తుంచాలో మాత్రం పనిచేస్తున్న ఎడిటర్ పక్కన ఏళ్ల తరబడి కూర్చుంటేనే వంటబడుతుంది. ఫ్రెంచి ఎడిటర్ ఫ్రాంస్వాజ్ బొనో (1939–2018) తల్లి మోనిక్ బొనో కూడా ఎడిటరే. కూతురు మొదట ఆమె దగ్గరే సహాయకురాలిగా చేరి, ముప్పై ఏళ్లకే కోస్తా-గావ్రాస్ తీసిన ‘జెడ్’ (1969) చిత్రాన్ని ఎడిట్ చేసి ఆస్కార్ అందుకుంది. మన ఎడిటర్ శ్రీకర్ ప్రసాద్ గారు కూడా తండ్రి అక్కినేని సంజీవి గారి దగ్గర పని నేర్చుకున్నవారే. రీళ్ల కాలంలో ముక్కలకు నంబర్లు వేస్తూ, అతికిస్తూ సహాయకులు రోజంతా ఆ గదిలోనే ఉండేవారు కనుక, ఎడిటర్ ఒక ముక్కను తీసి, కాసేపు ఆలోచించి, మళ్లీ ఎందుకు పెట్టిందో వారి కళ్ల ముందే జరిగేది. కంప్యూటర్ వచ్చాక సహాయకులు చాలాచోట్ల వేరే వేళల్లో, వేరే గదిలో ఫైళ్లు సర్దుతున్నారు, అందువల్ల ఆ పక్క కుర్చీ ఫ్రాన్స్‌లోనే అరుదైపోయింది. మీ అరెకరం ఆ కుర్చీని కొనదు, ఒక సర్టిఫికెట్‌ను కొంటుంది.

ఇక మీరడిగిన పోలిక. 1986లో ఇడెక్ అనే పాత సినిమా కళాశాల స్థానంలో వచ్చిన లా ఫెమిస్‌లో నాలుగేళ్ల చదువు. ప్రభుత్వ సంస్థ కనుక ఫీజు భారం కాదు, కాని ఎడిటింగ్ విభాగంలో సీట్లు పదిలోపే, ప్రవేశ పరీక్ష, పాఠాలు రెండూ ఫ్రెంచిలోనే. మాటకూ మాటకూ మధ్య నటుడు తీసుకున్న ఊపిరిని ఉంచాలో కోయాలో తేల్చవలసిన మనిషికి ఆ భాష పుస్తకాల స్థాయిలో వస్తే చాలదు. పుణెలో ఎడిటింగ్ మూడేళ్లు, డిగ్రీ తరువాత. నన్నడిగితే ముందు పుణెకు ప్రయత్నించమంటాను; ఫ్రెంచి ఈలోగా హైదరాబాదులోని అలియాన్స్ ఫ్రాంసేజ్‌లో మొదలుపెట్టవచ్చు.

ఆడపిల్లకు ఈ రంగమా అని కూడా రాశారు. ఫ్రాన్స్‌లో ఎడిటింగ్ గది చాలాకాలం ఆడవాళ్లదే. కత్తిరించి అతికించడం కుట్టుపని లాంటిదని చులకన చేసి వారికి వదిలేశారన్నది అంత గొప్ప కారణం కాదు గాని, సెసిల్ దెక్యుజీ, ఆన్యెస్ గిమో వంటివారు న్యూవేవ్ (1960ల నాటి ఫ్రెంచి నవ్య సినిమా) చిత్రాలను అక్కడినుంచే తీర్చిదిద్దారు. మరీ-జోజెఫ్ యోయోత్ ఫ్రాన్స్ జాతీయ సినిమా పురస్కారమైన సెజార్‌ను మూడుసార్లు గెలిచింది. కనుక ఆ భయం పెట్టుకోకండి.

ఒక మాట కటువుగానే చెబుతాను. మీ మూడు పేజీల ఉత్తరంలో పొలం ధర ఉంది, బంధువులు ఏమనుకుంటారో ఉంది. అమ్మాయి చేసిన పని గురించి ఒక్కటే వాక్యం, అదీ ఫిర్యాదు. మీరు జతచేసిన ఆ పదకొండు నిమిషాల వీడియోను నేను రెండుసార్లు చూశాను. జీలకర్ర బెల్లం పెట్టే వేళ అందరూ పెళ్లికూతురి ముఖం చూపిస్తారు. మీ అమ్మాయి వెనక నిలబడిన నాయనమ్మను చూపించింది. పళ్లెం దించడం మరచిపోయిన ఆ చేతుల మీద ఏడు సెకన్లు ఆగింది, అంతసేపూ మేళం ముందు షాటులోదే వినిపిస్తూ చటుక్కున ఆగిపోయింది. ఇది ఆమెకు ఏ కోర్సూ చెప్పలేదు కదా!

పొలం అమ్మకండి. బి.టెక్. పూర్తి చేయనివ్వండి, సెలవుల్లో హైదరాబాదులో ఏ ఎడిటర్ దగ్గరైనా, జీతం లేకపోయినా, పక్కన కూర్చోనివ్వండి. ఆ వీడియోను మీరింకా చివరిదాకా చూడలేదని రాశారు. ఈ ఆదివారం ఆమెను పక్కన కూర్చోబెట్టుకుని చూడండి, నాయనమ్మ చేతుల దగ్గర ఎందుకు ఆగిందో ఆమెనే అడగండి.