నిర్మాత కావాలంటే కోట్లు ఉండాలా?

ప్రశ్న: మా అబ్బాయి బీకాం ఫైనలియర్. సినిమా నిర్మాత అవుతానంటున్నాడు. మాది ఉద్యోగస్తుల కుటుంబం, పెట్టుబడి పెట్టే స్తోమత లేదు. జపాన్‌లో నిర్మాతలు జీతానికి పనిచేసేవాళ్లని వాదిస్తాడు. నిజమేనా? మాకు టెన్షన్‌గా ఉంది. – ఒక తల్లి

జవాబు: మీవాడు చెప్పింది నిజమేనమ్మా. మన దగ్గర నిర్మాత అనగానే డబ్బు పెట్టే ఆసామి గుర్తొస్తాడు. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత జపాన్‌లో పెట్టుబడి తోహో లాంటి స్టూడియోలది. నిర్మాత వాళ్ల తరఫున సినిమాను నడిపించే మనిషి.

జపాన్ నిర్మాత సోజిరో మోతోకి సంగతే చూడండి. ప్రఖ్యాత జపాన్ దర్శకుడు అకిరా కురోసావా సినిమాలు చూసినవాళ్లలో కూడా ఈయన పేరు తెలిసినవాళ్లు తక్కువ. 1948లో తోహోలో సమ్మె ముదిరి, స్టూడియో ఖాళీ చేయించడానికి పోలీసులతో పాటు అప్పట్లో జపాన్‌లో ఉన్న అమెరికన్ సైన్యం ట్యాంకులు కూడా వచ్చాయి. ఆ ఏడాదే మోతోకి, కురోసావా, మరికొందరు దర్శకులు కలిసి సొంత సంస్థ పెట్టుకుని బయటి స్టూడియోలతో సినిమాలు చేశారు. తర్వాత మోతోకి, కురోసావా మళ్లీ తోహోకే వచ్చి 1952లో ‘ఇకిరు’ సినిమా తీశారు.

వీళ్లిద్దరి తర్వాతి సినిమాల్లో ఒకటైన ‘సెవెన్ సామురాయ్’ షూటింగ్ 1953లో మొదలైంది. బడ్జెట్ చేయి దాటిపోవడంతో తోహో ఒకటికి రెండుసార్లు పని ఆపేసింది. కురోసావా మాత్రం పెద్ద పోరాట సన్నివేశాలను చివరికి అట్టిపెట్టుకున్నారు. అవి లేకుండా సినిమా విడుదల కాదు, కాబట్టి కంపెనీ డబ్బు ఇవ్వక తప్పదు! వానలో జరిగే ఆఖరి యుద్ధాన్ని ఎముకలు కొరికే చలిలో తీశారు. 1954 ఏప్రిల్‌లో సినిమా వచ్చింది. ఇటు దర్శకుడి పంతానికి, అటు కంపెనీ లెక్కలకు మధ్య నిలబడిన నిర్మాత మోతోకి. మీ అబ్బాయి కోరుకుంటున్న ఉద్యోగం అచ్చంగా ఇదే.

అంతటి మనిషి 1957 తర్వాత డబ్బు వ్యవహారాల్లో చిక్కుకుని తోహోకు దూరమయ్యారు. మారుపేర్లతో చవక అడల్ట్ సినిమాలు తీస్తూ 1977లో పోయారు. తలచుకుంటే నాకు మనసు కలుక్కుమంటుంది. మంచి కథను పట్టుకునే కన్ను ఉన్నా, ఈ వృత్తిలో డబ్బు దగ్గర మాట పోతే మళ్లీ పిలిచేవాళ్లు ఉండరు.

అందుకే మీవాడి బీకాంను నేను అడ్డంకి అనుకోను, అదే అతని బలం. డిగ్రీ పూర్తి చేయనివ్వండి. ఆపైన కోల్‌కతాలోని సత్యజిత్ రే ఫిల్మ్ అండ్ టెలివిజన్ ఇన్‌స్టిట్యూట్‌లో సినిమా నిర్మాణానికే ప్రత్యేకంగా పీజీ స్థాయి కోర్సు ఉంది, ఎంట్రన్స్ రాయమనండి. సీటు రాకపోతే హైదరాబాద్‌లో ఏదైనా ప్రొడక్షన్ ఆఫీసులో అకౌంట్స్ పనిలో చేరమనండి. బేటాలు, కాల్‌షీట్లు, లొకేషన్ అద్దెలు, జీఎస్టీ బిల్లులు అతని చేతి మీదుగా నడవాలి. అక్కడి నుంచి ప్రొడక్షన్ మేనేజర్, లైన్ ప్రొడ్యూసర్ (షూటింగ్ ఖర్చులు, ఏర్పాట్లు దగ్గరుండి చూసుకునే మనిషి) అనే మెట్లున్నాయి. మొదట్లో జీతం తక్కువే, పనివేళలు ఉండవు. మీ వైపు నుంచి పెట్టుబడి అక్కర్లేదు. ఇంటి కాగితాలు తాకట్టు పెట్టి సినిమాలో వాటా కొందామని ఎవరైనా అంటే మాత్రం ఒప్పుకోకండి.