నాయనమ్మను కెమెరా ముందు కూర్చోబెట్టే ముందు

చిట్టితల్లీ,

నాయనమ్మ మీద డాక్యుమెంటరీ తీస్తానని నువ్వు పెట్టిన మెసేజ్ రెండుసార్లు చదివాను, చాలా సంతోషమైంది. కానీ మొదటి ప్రశ్నే "నువ్వు బర్మా మనిషివా, ఆంధ్రా మనిషివా?" అని రాసుకున్నావు. అది మాత్రం అడక్కు. మమ్మల్ని ఆ మాట అడగనివాళ్లు లేరు. కాకినాడ దగ్గర కోరంగి రేవు నుంచి వచ్చినవాళ్లమని రంగూన్‌లో కోరంగీలు అనేవారు, 1964లో విశాఖలో ఓడ దిగితే ఇక్కడ బర్మావాళ్లన్నారు. కంచరపాలెంలో మనవాళ్లున్న చోటు ఇప్పటికీ బర్మా క్యాంపే.

నీకూ ఆ ప్రశ్న ఉందని తెలుసు, అందుకే ఈ సినిమా. అయినా ముందు వస్తువుల దగ్గర మొదలుపెట్టు. మీ నాయనమ్మ, అదే మా వదిన దగ్గర గుండ్రటి తనాకా రాయి ఉంది చూశావా? నీళ్లు చల్లి దాని మీద చెక్కముక్క అరగదీస్తే గంధంలాంటి ముద్ద వస్తుంది, చెంపలకు రాసుకుంటారు. ఆవిడ అరగదీస్తుంటే ఏమీ అడక్కుండా ఆ చేతులు తియ్యి, ఆ రాపిడి చప్పుడు రికార్డ్ చెయ్యి. ఫ్యాన్ ఆపు, ఫ్రిజ్ కూడా ఆపి బండి తాళం అందులో పెట్టు, వెళ్లేటప్పుడు ఆన్ చెయ్యడం మర్చిపోవు. బొమ్మ కాస్త మసకగా ఉన్నా జనం చూస్తారు కానీ మాట వినపడకపోతే కూర్చోరు. డబ్బులు లెక్కపెట్టేటప్పుడు పెదాలు గమనించు, అరవై ఏళ్లయినా తిత్, హ్నిత్, థోన్ అని బర్మా భాషలోనే.

నేను చేసిన తప్పు చెప్తాను. మొదటిసారి మా అమ్మనే కూర్చోబెట్టాను. దుకాణాన్ని ప్రభుత్వం తీసేసుకోవడం, ఆ 1964 మే నెలలోనే 50, 100 క్యాట్ నోట్లు చెల్లవనడం, నాన్న ఆ నోట్ల కట్ట ముందు కూర్చోవడం, అన్నీ చెబుతూ ఏడ్చింది. అప్పుడే బ్యాటరీ అయిపోయింది. మళ్లీ మొదట్నుంచి చెప్పమన్నాను. చెంగుతో ముఖం తుడుచుకుని వంటింట్లోకి వెళ్లిపోయింది, పోయేదాకా మళ్లీ రంగూన్ ఊసెత్తలేదు. కెమెరా ఆగినా నువ్వు వినడం ఆపకమ్మా.

ఫోటోలు లేవని దిగులుపడకు. కాంబోడియా నుంచి 1979లో థాయిలాండ్ పారిపోయి తర్వాత పారిస్ చేరిన సినిమా దర్శకుడు రితీ పాన్ దగ్గర కూడా తనవాళ్లు పోయిన రోజుల బొమ్మలు లేవు, మట్టితో చిన్న చిన్న మనుషుల్ని చేయించి కథ చెప్పాడు, ఆ సినిమాకి 2013లో కేన్స్‌లో బహుమతి వచ్చింది. మనకు ఓడ ఫోటో లేకపోతేనేం, ఓడలో వచ్చిన ట్రంకుపెట్టె ఉంది.

ఓడ దిగింది తెల్లవారుజామునని నేనంటాను, వదిన రాత్రంటుంది. రెండూ ఉంచు. రోజూ రెండు హార్డ్ డిస్కుల్లో కాపీ చెయ్యి. పాత కాగితాల మీద నంబర్లు కనపడనివ్వకు. నీ గొంతుతో చెప్పే మాటలు అన్నిటికన్నా ఆఖర్న రాయి. ఎడిటింగ్ అయ్యాక ముందు వదినకే చూపించు, ఏదైనా తీసెయ్యమంటే ఎంత మంచి షాటైనా తీసెయ్యి.

ఆదివారం వస్తాను, నా కాలర్ మైకు తెస్తాను. ఆ రోజు కౌసే చెయ్యమను. నూడుల్స్ ఉడికేలోపు వదిన తనంతట తనే మాట్లాడుతుంది.

మీ చిన్నతాతయ్య