పట్టా వేరు, లైసెన్సు వేరు

విదేశాల్లో చదివిన వైద్యులు ఇక్కడ ప్రాక్టీసు చేయడానికి, ఇక్కడ చదివిన వైద్యులు విదేశాల్లో ప్రాక్టీసు చేయడానికి కావలసిన అర్హతల గురించి ఈ నెల విశాఖపట్నం నుంచి, చుట్టుపక్కల ఊళ్ల నుంచి వచ్చిన ఉత్తరాల్లో అయిదింటికి ఈ సంచికలో సమాధానాలు ఇస్తున్నాను. ఒకే విషయం అడిగినవారికి విడివిడిగా రాయలేకపోయాను, మన్నించగలరు.

ప్రశ్న: డాక్టరు గారికి నమస్కారాలు. మా అమ్మాయి నీట్‌లో అర్హత సాధించింది గాని, కన్వీనర్ కోటాలో సీటు వచ్చేటన్ని మార్కులు రాలేదు. మేనేజ్‌మెంట్ కోటా మా తాహతుకు మించినది. ద్వారకానగర్‌లో ఒక కన్సల్టెన్సీ వారు కిర్గిజ్‌స్థాన్‌లో 5 సంవత్సరాల కోర్సు ఉందనీ, ఇంటర్న్‌షిప్ ఇండియాకు వచ్చి చేసుకోవచ్చనీ, తిరిగి వచ్చాక ఒక్క పరీక్ష రాస్తే సరిపోతుందనీ చెప్పారు. వారం రోజుల్లో అడ్వాన్సు కట్టమంటున్నారు. కట్టవచ్చునా? (ఒక తండ్రి, గాజువాక)

జవాబు: కట్టవద్దు. కనీసం ఈ వారంలో కట్టవద్దు. మీకు చెప్పిన మూడు మాటల్లో మొదటిదాన్ని విప్పి చూడాలి, రెండవది తప్పు, మూడవది నిజమే గాని ఆ ఒక్క పరీక్ష, అంటే విదేశాల్లో చదివి వచ్చినవారు ఇక్కడ రాయవలసిన ఎఫ్‌ఎంజీఈ అనే అర్హత పరీక్ష, ఎటువంటిదో వారు మీకు చెప్పలేదు. దాని సంగతి తరువాతి జవాబులో చూడండి.

జాతీయ వైద్య కమిషన్ (ఎన్‌ఎంసీ) 2021 నవంబరు 18న ప్రకటించిన నిబంధనలు ఆ తరువాత విదేశాల్లో వైద్య విద్యలో చేరిన మన విద్యార్థులకు వర్తిస్తాయి. వాటి ప్రకారం కోర్సు కనీసం 54 నెలలు ఉండాలి, అది ఇంగ్లీషు మాధ్యమంలో సాగాలి, చదువు మొత్తం ఒకే సంస్థలో జరగాలి, ఆ పైన అదే విదేశీ సంస్థలో 12 నెలల ఇంటర్న్‌షిప్ పూర్తి చేయాలి. తిరిగి వచ్చాక మన దేశంలో మరో 12 నెలలు పర్యవేక్షణలో ఇంటర్న్‌షిప్ చేయాలి. ఇక్కడి ఇంటర్న్‌షిప్ అక్కడి దానికి అదనమే తప్ప బదులు కాదు. అన్నీ కూడితే 78 నెలలు, అంటే ఆరున్నర సంవత్సరాలు. పరీక్షకు తయారయ్యే కాలం, ఇంటర్న్‌షిప్ స్థానం కోసం ఎదురుచూసే కాలం ఈ లెక్కలో లేవు. చేరిన నాటి నుంచి పదేళ్ల లోపు కోర్సు ముగించాలన్న షరతు కూడా ఉంది.

కనుక ఎవరైనా 5 సంవత్సరాలు అన్నప్పుడు, ఆ 60 నెలల్లో ఇంటర్న్‌షిప్ కలిసి ఉందా అని మీరు మొదట అడగాలి. కలిసి ఉంటే చదువుకు మిగిలేది 48 నెలలే కాబట్టి అది చెల్లదు. కలవకపోతే మీ అమ్మాయి ఆరో సంవత్సరం కూడా అక్కడే ఉండాలి. ఆ ఏడాది హాస్టలు, భోజనం, వీసా ఖర్చులు వారిచ్చిన కరపత్రంలో ఉన్నాయో లేవో వేలుపెట్టి చూపించమనండి. ఫిలిప్పీన్స్ వెళ్లిన మన పిల్లలు ఎందరో చిక్కుకున్నది ఈ నెలల లెక్కలోనే. అక్కడ ముందు బి.ఎస్. అనే డిగ్రీ, ఆ తరువాత నాలుగేళ్ల ఎం.డి. ఉంటాయి. మొదటిదాన్ని మన కమిషన్ వైద్య విద్యగా లెక్కించదు, రెండవది 48 నెలలకు మించదు.

ఇవన్నీ సరిపోయినా, చాలామంది చదవకుండా వదిలేసే నిబంధన మరొకటి ఉంది. పట్టా ఇచ్చిన దేశంలో వైద్యవృత్తి చేయడానికి ఆ దేశపు పౌరులకు ఇచ్చే లైసెన్సుతో సమానమైన లైసెన్సు పొందే అర్హత మన విద్యార్థికి కూడా ఉండాలి. విదేశీ విద్యార్థుల కోసమే ఒక ప్రత్యేక కోర్సు పెట్టి, చివర ఒక పట్టా చేతికిచ్చి, ప్రాక్టీసు మాత్రం మీ దేశంలో చేసుకోండి అని పంపే చోట ఈ నిబంధన గట్టిగా అడ్డు తగులుతుంది. అందుచేత ఆ కన్సల్టెన్సీ వారిని నోటిమాటగా కాకుండా కాగితం మీద ఒక్క ప్రశ్న అడగండి: "చదువు ముగిసిన తరువాత ఆ దేశపు పౌరునికి ఇచ్చే లైసెన్సునే మా అమ్మాయికీ ఇస్తారా, ఇస్తే ఏ సంస్థ ఇస్తుంది, అందుకు ఏ పరీక్ష రాయాలి?" ఈ ప్రశ్నకు సూటిగా జవాబు చెప్పలేనివారు మిగతా విషయాల్లో ఎంత మర్యాదగా మాట్లాడినా ప్రయోజనం లేదు. జవాబును ఆ విశ్వవిద్యాలయపు లెటర్‌హెడ్ మీదనే తెప్పించుకోండి.

మన ఊరి హోర్డింగుల మీద కనిపించే "ఎన్‌ఎంసీ గుర్తింపు పొందిన విదేశీ కళాశాల" అన్న మాటను పట్టించుకోకండి. విదేశీ కళాశాలలను ఆమోదించి జాబితా ప్రకటించే పద్ధతి కమిషన్‌కు లేదు. కమిషన్ నిబంధనలు పెడుతుంది. ఎంచుకున్న కళాశాల వాటికి సరిపోతుందో లేదో చూసుకునే బాధ్యత విద్యార్థిదే. ఈ ఏర్పాటు తల్లిదండ్రులకు అన్యాయమనే నా అభిప్రాయం. ఇంటర్ చదివిన పిల్ల పరదేశపు చట్టాన్ని పరిశీలించాలనడం ఏపాటి న్యాయం? అయినా ఇవాళ్టికి ఉన్న నియమం అదే.

అన్నీ విచారించుకున్నాక పంపాలనే నిశ్చయించుకుంటే, విమానం ఎక్కక ముందే అమ్మాయికి అక్కడ వాడుకలో ఉన్న రష్యన్ భాష మొదలుపెట్టించండి. పాఠం ఇంగ్లీషులో చెబుతారు గాని, వార్డులో మంచం మీద ఉన్న ముసలమ్మ తన నొప్పిని ఇంగ్లీషులో చెప్పదు. రోగితో మాట్లాడకుండా గోడవారగా నిలబడి గడిపిన క్లినికల్ సంవత్సరాల ఫలితం తరువాత పరీక్షలో కనిపిస్తుంది.

ప్రశ్న: మా అబ్బాయి జార్జియాలో చదువు ముగించి వచ్చి ఎఫ్‌ఎంజీఈ రెండుసార్లు రాశాడు, రెండుసార్లూ కొద్ది మార్కుల్లో పోయింది. ఇంకా ఎన్నిసార్లు రాయనిస్తారు? ఈలోగా ఒక నర్సింగ్ హోమ్ వారు రాత్రిపూట డ్యూటీ డాక్టరుగా రమ్మంటున్నారు, అనుభవం వస్తుందంటున్నారు. పంపమంటారా? (ఒక తల్లి, మధురవాడ)

జవాబు: పంపవద్దమ్మా. రాష్ట్ర వైద్య మండలిలో నమోదు లేకుండా వైద్యం చేయడం జాతీయ వైద్య కమిషన్ చట్టం ప్రకారం నేరం. ఏడాది వరకు జైలుశిక్ష గాని, 5 లక్షల రూపాయల వరకు జరిమానా గాని, రెండూ గాని విధించవచ్చు. నేను ఉద్యోగంలో ఉన్న రోజుల్లో ఒక తెల్లవారుజామున గుండెనొప్పి రోగిని బంధువులు ఒక చిన్న ఆసుపత్రి నుంచి మా వార్డుకు తెచ్చారు. వెంట తెచ్చిన కేస్ షీటులో మందులన్నీ చక్కటి గుండ్రని చేతిరాతలో ఉన్నాయి గాని, కింద సంతకం లేదు, రిజిస్ట్రేషన్ నంబరు ఉండవలసిన చోట వేరే డాక్టరు రబ్బరు ముద్ర ఉంది. ఆ ముద్ర గల డాక్టరు ఆ రాత్రి ఊళ్లోనే లేరని తరువాత తెలిసింది. చివరకు ఆసుపత్రి యాజమాన్యం ఆ మందులు రాసిన కుర్రవాడు ఎవరో తమకు తెలియదంది. మీ అబ్బాయికి అటువంటి అనుభవం అక్కర్లేదు.

ఇక పరీక్ష సంగతి. దీన్ని 2002 నుంచి జాతీయ పరీక్షల మండలి ఏటా రెండుసార్లు, సాధారణంగా జూన్‌లోను డిసెంబరులోను నిర్వహిస్తున్నది. 300 ప్రశ్నలు, 150 చొప్పున రెండు భాగాలు, ఒక్కొక్క భాగానికి 150 నిమిషాలు. 150 మార్కులు వస్తే ఉత్తీర్ణత. ఇన్నిసార్లే రాయాలన్న పరిమితి లేదు. తప్పు జవాబుకు మార్కులు తగ్గించరు కాబట్టి ఏ ప్రశ్ననూ వదిలిపెట్టనక్కరలేదు. వినడానికి తేలికగానే ఉంటుంది గాని, ఇటీవలి విడతల్లో పరీక్షకు కూర్చున్నవారిలో మూడో వంతు మంది కూడా ఉత్తీర్ణులు కాలేదు.

కొద్ది మార్కుల్లో పోయిందన్నారు కాబట్టి ఒక మాట చెబుతాను. ఈ ప్రశ్నపత్రంలో కమ్యూనిటీ మెడిసిన్‌కు 30 మార్కులు ఉన్నాయి. ప్రసూతి, స్త్రీ వ్యాధుల విభాగానికి ఉన్నవీ అన్నే. మన టీకాల పట్టిక, క్షయ నివారణ కార్యక్రమం, ఆశా కార్యకర్త నుంచి జిల్లా ఆసుపత్రి దాకా మన ఆరోగ్య వ్యవస్థ అమరిక, ఇవన్నీ అందులో వస్తాయి, వీటిని విదేశీ విశ్వవిద్యాలయం నేర్పదు. అలాగే పాడేరు ఏజెన్సీలో వైద్యుడికి ఏటా ఎదురయ్యే మలేరియాను, పాముకాటును చలిదేశంలో చదివిన విద్యార్థి పుస్తకంలోనే చూసి ఉంటాడు. కోచింగ్‌కు వెళ్లే పిల్లలు జనరల్ మెడిసిన్, సర్జరీ వీడియోలతో నెలలు గడిపి ఈ 30 మార్కులను ఆఖరి వారానికి నెట్టేస్తారు. మీ అబ్బాయి ఈసారి అక్కడి నుంచే మొదలుపెడితే మంచిది.

ఉత్తీర్ణుడైన తరువాత విజయవాడలోని ఆంధ్రప్రదేశ్ వైద్య మండలిలో తాత్కాలిక నమోదు, దాని మీద ఇంటర్న్‌షిప్, అది ముగిశాక శాశ్వత నమోదు. విదేశీ పట్టభద్రులకు ఇచ్చే ఇంటర్న్‌షిప్ స్థానాలు కళాశాలకు ఉన్న సీట్లలో అదనంగా 7.5 శాతానికి మించరాదని 2022 మార్చిలో కమిషన్ ఉత్తర్వు ఇచ్చింది. అంటే 150 సీట్ల కళాశాలలో పదకొండు మందికి చోటు. అందుకే ఉత్తీర్ణులైనా కొందరు ఎదురుచూడవలసి వస్తున్నది. ఈ ఇంటర్న్‌షిప్‌కు విద్యార్థుల దగ్గర రుసుము వసూలు చేయరాదనీ, ఇక్కడి హౌస్ సర్జన్లతో సమానంగా స్టైపెండ్ ఇవ్వాలనీ అదే ఉత్తర్వులో ఉంది. ఎవరైనా డబ్బు అడిగితే రసీదు ఇమ్మనండి.

ప్రశ్న: నా పదో తరగతి మార్కుల జాబితాలో ఇంటిపేరు పొడి అక్షరంగా, పాస్‌పోర్టులో పూర్తిగా ఉంది. రష్యాలో ఇచ్చిన పట్టాలో నా పేరు అక్షరాలే మారిపోయాయి. ఇది పెద్ద ఇబ్బంది అవుతుందా? (ఒక యువ వైద్యురాలు, అనకాపల్లి)

జవాబు: అవుతుంది. అందుకు కారణం మీ పొరపాటు కాకపోవచ్చు. అక్కడ పాస్‌పోర్టులోని ఇంగ్లీషు పేరును ముందు రష్యన్ లిపిలోకి మారుస్తారు, పట్టా అనువాదం చేసేటప్పుడు మళ్లీ ఇంగ్లీషులోకి తెస్తారు. రష్యన్‌లో మన "జ" ధ్వనికి ఒకే అక్షరం లేదు, రెండు కలిపి రాస్తారు. అందువల్ల "జె" అక్షరంతో మొదలై వెళ్లిన జ్యోతి తిరిగి వచ్చేసరికి "డి, జెడ్, హెచ్" అనే మూడు అక్షరాలతో మొదలవుతుంది. దానికి తోడు మన ఇంటిపేరు మనకు ముందు, వారికి వెనుక. పది జాబితా, నీట్ కార్డు, పాస్‌పోర్టు, పట్టా అనే నాలుగు కాగితాలు పక్కపక్కన పెడితే నలుగురు మనుషులు కనిపిస్తారు.

పాస్‌పోర్టును ప్రమాణంగా తీసుకుని, పట్టాలోని పేరును సరిచేసి ఇమ్మని ముందుగా విశ్వవిద్యాలయానికే దరఖాస్తు చేయండి. సవరించిన అనువాదమో, ఇద్దరూ ఒకరేనన్న ధ్రువపత్రమో వారి ముద్రతో వస్తే నోటరీ అఫిడవిట్ కంటే దానికి విలువ ఎక్కువ. ఆ తరువాతే అపోస్టిల్ (పట్టా ఇచ్చిన దేశపు ప్రభుత్వం వేసే ధ్రువీకరణ ముద్ర) గాని, మన రాయబార కార్యాలయపు ధ్రువీకరణ గాని చేయించండి, లేకపోతే తప్పు పేరు మీదే ముద్ర పడి పని మళ్లీ మొదటికి వస్తుంది. పాత పాస్‌పోర్టును పారేయవద్దు. మీరు నిజంగా ఆ దేశంలో ఉండి చదివారనడానికి అందులోని రాకపోకల ముద్రలే సాక్ష్యం. కోవిడ్, యుద్ధం వల్ల ఆన్‌లైన్ తరగతులు జరిగిన సంవత్సరాల విద్యార్థులను ఆ ముద్రల గురించి తప్పక అడుగుతున్నారు.

ప్రశ్న: నేను ఆంధ్ర వైద్య కళాశాలలో చదివి కేజీహెచ్ (కింగ్ జార్జ్ ఆసుపత్రి)లో హౌస్ సర్జన్‌గా ఉన్నాను. ఇంగ్లండ్ మేలా, అమెరికా మేలా? (ఒక విద్యార్థి, మహారాణిపేట)

జవాబు: మేలు ఏదో నేను చెప్పలేను గాని, దారులు ఎలా ఉంటాయో చెప్పగలను. 1923లో పుట్టిన కళాశాల విద్యార్థివైనా, ఆ రెండు దేశాల్లోనూ నువ్వు విదేశీ పట్టభద్రుడివేనని ముందు గుర్తుపెట్టుకో నాయనా.

ఇంగ్లండ్‌లో జనరల్ మెడికల్ కౌన్సిల్ నమోదు కావాలి. ఇంగ్లీషు భాషా పరీక్ష ఐఈఎల్‌టీఎస్‌లో మొత్తం మీద 7.5, ఏ విభాగంలోనూ 7కు తగ్గకుండా రావాలి, లేదా వైద్య సిబ్బందికి పెట్టే ఇంగ్లీషు పరీక్ష ఓఈటీలో నాలుగు విభాగాల్లోనూ బి గ్రేడ్ రావాలి. ఆ తరువాత విదేశీ వైద్యులకు పెట్టే ప్లాబ్ అనే పరీక్ష మొదటి భాగం, 180 ప్రశ్నలు, మూడు గంటలు. దీన్ని ఇంగ్లండ్ బయట కూడా రాయవచ్చు. రెండవ భాగం మాంచెస్టర్‌లోనే జరుగుతుంది. అక్కడ 16 చోట్ల నటులు రోగులుగా కూర్చుంటారు, ఒక్కొక్కరి దగ్గర ఎనిమిది నిమిషాలు. మన పిల్లలు రోగనిర్ణయంలో కంటే మాటతీరులో ఎక్కువగా తడబడతారు, రోజుకు వందల మంది వచ్చే ఓపీలో పెరిగినవారికి "మీకు ఏమి భయంగా ఉంది?" అని అడిగి, జవాబు వినేదాకా ఆగడం కొత్త. ఇక నమోదు వచ్చినంత మాత్రాన ఉద్యోగం వచ్చినట్లు కాదు. ఇప్పుడు అక్కడ పోటీ చాలా పెరిగింది. ఒక అనుకూలత ఏమిటంటే, అక్కడ పీజీ పూర్తి చేసి ఆ దేశంలో స్పెషలిస్టుగా గుర్తింపు పొందితే మన దేశం కూడా ఆ పీజీని గుర్తిస్తుంది. అమెరికా, కెనడా, ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ పీజీలకు కూడా ఇదే సౌకర్యం ఉంది.

అమెరికాలో యూఎస్‌ఎంఎల్‌ఈ అనే లైసెన్సు పరీక్షలో స్టెప్ 1, స్టెప్ 2 సీకే అనే దశలు, ఓఈటీ పూర్తి చేసి, విదేశీ పట్టభద్రుల అర్హతను పరిశీలించే ఈసీఎఫ్‌ఎంజీ ధ్రువపత్రం పొందాలి. ఆ పైన రెసిడెన్సీ (ఆసుపత్రిలో పీజీ శిక్షణ) సీటు కోసం, అభ్యర్థులకు సీట్లు కేటాయించే, ఏటా మార్చిలో ఫలితాలు వచ్చే మ్యాచ్‌లో నిలబడాలి. స్టెప్ 1 లో 2022 జనవరి నుంచి మార్కులు ఇవ్వడం లేదు, ఉత్తీర్ణతే చెబుతారు; దానితో బరువంతా స్టెప్ 2 మార్కుల మీద పడింది. ఇక్కడ ఎన్నేళ్లు ప్రాక్టీసు చేసినా సాధారణంగా అక్కడ రెసిడెన్సీ మొదటి నుంచి చేయవలసిందే; టెన్నెసీ వంటి కొన్ని రాష్ట్రాలు 2023 నుంచి ఈ నియమాన్ని సడలిస్తూ చట్టాలు చేస్తున్నాయి గాని, వాటిని నమ్ముకుని ప్రణాళిక వేసుకునే కాలం ఇంకా రాలేదు. 2023లో ప్రపంచ వైద్య విద్యా సమాఖ్య మన కమిషన్‌కు పదేళ్ల గుర్తింపు ఇచ్చింది కాబట్టి కళాశాల గుర్తింపు గురించి నీకు బెంగ అక్కర్లేదు. హౌస్ సర్జన్సీ ముగిసేలోపు ఒక దారి ఎంచుకో. రెండింటికీ సగం సగం చదివి ఇక్కడి నీట్ పీజీని కూడా పోగొట్టుకున్నవారిని చూశాను.

ప్రశ్న: నెక్స్ట్ పరీక్ష వస్తే ఎఫ్‌ఎంజీఈ ఉండదంటున్నారు. అంతవరకు ఆగడం మంచిదా? (ఒక పాఠకుడు, విజయనగరం)

జవాబు: ఆగవద్దు. ఇక్కడ చదివినవారికీ బయట చదివినవారికీ నెక్స్ట్ అనే ఒకే అర్హత పరీక్ష ఉండాలని 2019 నాటి చట్టంలో రాశారు, అది ఇంకా అమలులోకి రాలేదు. ఎప్పుడు వచ్చినా అందులో అడిగేవి ఈ సబ్జెక్టులే. తరువాతి విడతకు దరఖాస్తు చేయండి.