కోడింగ్ థియరీ, స్వయం వ్యవస్థీకరణ, కంప్యూటేషనల్ సైన్స్ పుస్తకాలను ఏ వరుసలో, ఎలా చదవాలి?

కోడింగ్ థియరీ (పంపే దారిలో తప్పులు దొర్లినా సమాచారాన్ని సరిగ్గా రాబట్టే కోడ్‌ల శాస్త్రం), తమంతట తామే క్రమాన్ని ఏర్పరచుకునే వ్యవస్థలు (స్వయం వ్యవస్థీకరణ), కంప్యూటేషనల్ సైన్స్ (శాస్త్ర ప్రశ్నలను కంప్యూటర్ లెక్కలతో పరిశీలించే విద్య) అనే మూడు విషయాల మీద పరిశోధన స్థాయి పుస్తకాలు సమకూర్చుకున్నాననీ, ఏది తెరిచినా రెండో అధ్యాయం దాటలేకపోతున్నాననీ, ముందు గణితమంతా నేర్చుకుని మళ్ళీ రావాలా అనీ మీరు అడిగారు. ఇదే స్థితిలో నేను చాలాకాలం గడిపాను కనుక నా అనుభవం మీకు ఉపయోగపడవచ్చు. గణితమంతా ముందే నేర్చుకోవలసిన అవసరం లేదు. కోడింగ్ థియరీతో మొదలుపెట్టండి, దానికి తోడుగా కంప్యూటేషనల్ సైన్స్‌ను చదవండి, స్వయం వ్యవస్థీకరణను చివరికి ఉంచండి. అన్నిటికంటే ముఖ్యంగా, ప్రతి పుస్తకానికీ ఒక అతి చిన్న ఉదాహరణను ఎంచుకుని, పుస్తకం చెప్పిన మాట ఆ ఉదాహరణలో నిజమవుతుందో లేదో మీ చేత్తో లెక్క వేసి చూసుకున్న తరువాతే ముందుకు వెళ్ళండి.

నేను మొదట ఇలా చేయలేదు. కోడింగ్ థియరీ పుస్తకంలో పరిమిత క్షేత్రాల (కూడిక, తీసివేత, గుణకారం, భాగహారం చేయగలిగే, మూలకాలు పరిమితంగా ఉన్న సమితుల) ప్రస్తావన రాగానే దానిని పక్కన పెట్టి, బీజగణితం పుస్తకం పట్టుకుని, దాదాపు ఏడాదిపాటు సమూహాలు, వలయాలు, క్షేత్రాలు చదివాను. తిరిగి వచ్చేసరికి క్షేత్రం అంటే ఏమిటో చెప్పగలిగే స్థితిలో ఉన్నాను కానీ, కోడ్‌కు క్షేత్రంతో పని ఎందుకు పడుతుందో చెప్పలేకపోయాను. ఆ ఏడాదిలో ఒక్క కోడ్‌ను కూడా నా చేత్తో నిర్మించలేదు.

చివరికి నన్ను కదిలించినది 1950లో రిచర్డ్ హామింగ్ ప్రచురించిన కోడ్. బెల్ ల్యాబ్స్‌లో రిలేలతో (విద్యుత్తుతో పనిచేసే స్విచ్‌లతో) నడిచే లెక్కల యంత్రం వారాంతాల్లో తప్పు దొర్లినట్టు గుర్తించి పని ఆపేస్తుంటే, తప్పు ఉందని కనిపెట్టగలిగిన యంత్రం అది ఎక్కడ ఉందో ఎందుకు కనిపెట్టలేదన్న ఆలోచన నుంచి అది పుట్టింది. 4 సమాచార బిట్లకు 3 తనిఖీ బిట్లు చేర్చి 7 బిట్ల పదం తయారు చేస్తే, మూడు తనిఖీల ఫలితాలు కలిసి 0 నుంచి 7 వరకు ఒక సంఖ్య అవుతాయి; బిట్లను తగిన వరుసలో అమర్చినట్లయితే ఆ సంఖ్యే తప్పు పడిన స్థానం, సున్నా వస్తే తప్పు లేనట్టు. ఇందులోని 16 కోడ్ పదాలనూ నేను ఒక కాగితం మీద రాసి, ఒక్కొక్క పదం నుంచి ఒక బిట్ మార్చితే వచ్చే 7 పదాలను దాని పక్కనే రాశాను. 16ను 8తో గుణిస్తే 128, అంటే 7 బిట్లతో రాయగలిగే పదాలన్నీ ఒక్కటి కూడా మిగలకుండా, ఒక్కటి కూడా రెండుసార్లు రాకుండా పంపకమైపోయాయి. పరిపూర్ణ కోడ్ అన్న మాటకు నిర్వచనాన్ని అంతకుముందు చాలాసార్లు చదివాను కానీ, దాని అర్థం ఆ కాగితం మీదే తెలిసింది. ఆ తరువాత 1949 నాటి గోలే కోడ్‌కు ఇదే లెక్క వేయండి. 23 బిట్లలో మూడు తప్పుల దాకా పడే విధాలు 1, 23, 253, 1771 కలిసి సరిగ్గా 2048 అవుతాయి; 4096 కోడ్ పదాలతో దానిని గుణిస్తే 23 బిట్ల పదాలన్నీ తీరిపోతాయి. ఈ రెండు లెక్కలూ చేసినవారికి బీజగణితం అధ్యాయం భారంగా తోచదు, ఎందుకంటే ఆ అధ్యాయం దేనికి కారణం చెబుతున్నదో వారికి ముందే తెలిసి ఉంటుంది.

ఈ విషయంలో మొదటి పుస్తకంగా నేను డేవిడ్ మెకే 2003లో వెలువరించిన ఇన్ఫర్మేషన్ థియరీ, ఇన్ఫరెన్స్, అండ్ లెర్నింగ్ ఆల్గరిథమ్స్‌ను సూచిస్తాను. ప్రచురణకర్తల అనుమతితో రచయిత దానిని తెరమీద చదువుకోవడానికి ఉచితంగా ఉంచారు. 1948లో క్లాడ్ షానన్ నిరూపించినదేమిటో, అంటే నాయిస్ ఉన్న మార్గం గుండా కూడా ఒక పరిమితికి లోపు వేగంతో ఎంత తక్కువ తప్పులతోనైనా సమాచారం పంపడం సాధ్యమేనన్న ఫలితాన్ని, అది అభ్యాసాల ద్వారా పాఠకుడి చేతనే రాబడుతుంది. మాక్‌విలియమ్స్, స్లోన్ కలిసి 1977లో రాసిన ఏడు వందలకు పైగా పేజీల గ్రంథం ఈ రంగంలో ఇప్పటికీ గొప్పదే, కానీ అది వరుసగా చదివే పుస్తకం కాదు. ఒక ప్రశ్న పట్టుకుని వెళ్ళి సమాధానం తెచ్చుకోవలసిన పుస్తకం. మొదటి పేజీ నుంచి చదవబోయి ఆగిపోయినవారిలో నేనూ ఒకడిని.

కంప్యూటేషనల్ సైన్స్‌లో నా అభిప్రాయం కొంత గట్టిగానే ఉంటుంది: కంప్యూటర్ వేసే లెక్కలో తప్పు ఎలా పెరుగుతుందో తెలియకుండా అనువర్తనాల పుస్తకాలు తెరవకూడదు. దీనికి కూడా చిన్న ఉదాహరణ ఒకటి ఉంది. సహజ సంవర్గమానాలకు ఆధారమైన ఇ అనే సంఖ్య విలోమాన్ని 1 నుంచి తీసివేసి మొదటి విలువగా పెట్టుకోండి. తరువాత ప్రతి అడుగులోనూ ముందు విలువను అడుగు సంఖ్యతో గుణించి, ఆ లబ్ధాన్ని 1 నుంచి తీసివేస్తూ పోండి. గణితం ప్రకారం ఈ విలువలన్నీ 0కు, 1కి మధ్యనే ఉంటూ క్రమంగా తగ్గుతాయి. కంప్యూటర్‌లో సుమారు 16 దశాంశ అంకెల కచ్చితత్వంతో ఇదే లెక్క చేయిస్తే, ఇరవయ్యో అడుగు చేరేసరికి వచ్చే సంఖ్యకు అసలు విలువతో ఏ సంబంధమూ ఉండదు. ఆరంభంలో పడిన అతి చిన్న సవరింపు దోషం (అంకెలను కుదించడం వల్ల వచ్చే తేడా) అడుగడుగునా 1తో, 2తో, 3తో గుణించబడుతూ పోయి, ఇరవై అడుగుల్లో సుమారు 24 వేల కోట్ల కోట్ల రెట్లు పెరుగుతుంది. ఆశ్చర్యకరమైన సంగతి ఏమిటంటే, ముప్పయ్యో విలువను సున్నా అనుకుని వెనక్కి లెక్కించుకుంటూ వస్తే ఇరవయ్యోది చాలా కచ్చితంగా వస్తుంది, ఎందుకంటే ఆ దిశలో దోషం ప్రతి అడుగులోనూ భాగించబడుతుంది. సూత్రం ఒకటే, యంత్రం ఒకటే, నడిచిన దిశ మాత్రమే వేరు. ఇది స్వయంగా చేసి చూశాక ట్రెఫెథెన్, బౌ రాసిన 1997 నాటి న్యూమరికల్ లీనియర్ ఆల్జీబ్రా తీసుకోండి. 40 చిన్న ఉపన్యాసాలుగా ఉన్న ఆ పుస్తకాన్ని రోజుకొకటిగా చదివి ముగించడం సాధ్యమే.

స్వయం వ్యవస్థీకరణ పుస్తకాలను చివరికి ఉంచమనడానికి కారణం, ఆ విషయంలో అర్థమైందన్న భ్రమ చాలా తేలికగా కలగడమే. చీమల బారులు, పక్షుల గుంపులు, ఇసుక తిన్నెలు అన్నీ ఒకే మాట కింద చేరేసరికి, మాట ముందుకు వెళ్ళి లెక్క వెనుకబడుతుంది. అందుకని పుస్తకం తెరవగానే నేను రెండు విషయాలు వెతుకుతాను: ఒక్కొక్క భాగం తన పొరుగువాటితో ఎలా నడుచుకోవాలో చెప్పే స్థానిక నియమం ఏమిటో స్పష్టంగా రాశారా, క్రమం ఏర్పడిందని చెప్పడానికి ఏ పరిమాణాన్ని కొలిచారు. ఈ రెండూ దొరకని పుస్తకాన్ని నేను చదవను. నియమం అతి సరళంగా ఉన్న నమూనా బాక్, టాంగ్, వీసెన్‌ఫెల్డ్ 1987లో ప్రవేశపెట్టిన ఇసుక కుప్ప. గళ్ళ పలక మీద ఏ గడిలోనైనా 4 రేణువులు చేరితే ఆ గడి కూలి, నాలుగు పక్కలకూ ఒక్కొక్కటి ఇస్తుంది. అంచు దాటినవి పడిపోతాయి. మూడు వరుసల పలకలో తొమ్మిది గళ్ళలోనూ 3 చొప్పున ఉంచి, మధ్య గడిలో ఇంకొకటి వేసి చూడండి. మొత్తం 10 సార్లు గళ్ళు కూలి, 12 రేణువులు బయటపడి, 16 మిగులుతాయి: మధ్యలో ఏమీ ఉండదు, మూలల్లో 1 చొప్పున, అంచుల మధ్య గళ్ళలో 3 చొప్పున ఉంటాయి. ఏ గడిని ముందు కూల్చినా ఇదే ఫలితం వస్తుంది. ఈ లక్షణాన్ని 1990లో దీపక్ ధర్ నిరూపించి, ఈ నమూనాను బీజగణితంతో కచ్చితంగా పరిశీలించే దారి తెరిచారు. మీరు మూడు వేర్వేరు వరుసలలో కూల్చి చూసి ఆ తరువాత ఆయన నిరూపణ చదివితే, ప్రతి వాక్యం మీకు తెలిసిన సంగతికి కారణంగా కనిపిస్తుంది. ఆపైన, పదార్థాలను కలిపేసి చదును చేయవలసిన వ్యాపనమే (డిఫ్యూజన్) మచ్చలకూ చారలకూ కారణం కాగలదని చూపిన ఆలన్ టూరింగ్ 1952 నాటి వ్యాసానికి వెళ్ళవచ్చు.

ఈ మూడు విషయాలూ నాకు ఒకే చోట కలిసింది రాబర్ట్ గాలగర్ 1963లో పుస్తకంగా తెచ్చిన కోడ్‌లలో. ప్రతి తనిఖీలోనూ కొద్ది బిట్లే పాల్గొంటాయి. బిట్లూ తనిఖీలూ పొరుగువాటితో మాత్రమే అంచనాలు పంచుకుంటూ, మొత్తాన్ని చూసేవారెవరూ లేకుండానే, చాలా సందర్భాలలో సరైన పదం దగ్గర స్థిరపడతాయి. ఆనాటి యంత్రాలకు ఆ లెక్క బరువైనది కావడంతో చాలాకాలం మరుగున పడి, 1990లలో తిరిగి వెలుగులోకి వచ్చి, ఇప్పుడు 5జీ ఫోన్ల డేటా మార్గాలలో పనిచేస్తున్నది. నేను సగం రేటు కోడ్ (పంపే బిట్లలో సగమే సమాచారం) ఒకటి నిర్మించి, బిట్లకు యాదృచ్ఛిక నాయిస్ కలిసే మార్గం మీద సిమ్యులేషన్ నడిపినప్పుడు, ఒక్కొక్క సమాచార బిట్‌కు ఖర్చయ్యే శక్తికీ నాయిస్‌కూ ఉన్న నిష్పత్తిని డెసిబెల్స్‌లో కొలిచే నా గ్రాఫ్ సుమారు మైనస్ 1 డెసిబెల్ దగ్గరే తప్పులు మాయమైనట్టు చూపింది. ఆ మార్గానికి, ఆ రేటుకు షానన్ పరిమితి సుమారు 0.19 డెసిబెల్స్ కాబట్టి అది అసాధ్యం. వారం రోజులు డీకోడర్‌లో తప్పు వెతికాను, దొరకలేదు. అప్పుడు చిన్న ఉదాహరణకు వెనుదిరిగి, ప్రతి బిట్‌ను మూడుసార్లు పంపే కోడ్‌ను అదే ప్రోగ్రామ్‌లో నడిపాను. ఒక్కొక్క సమాచార బిట్‌కు ఖర్చయ్యే శక్తిని ఆధారంగా కొలిస్తే, ఈ మార్గం మీద మూడుసార్లు పంపడం వల్ల ఏ లాభమూ ఉండకూడదు. నా గ్రాఫ్ మాత్రం 4.8 డెసిబెల్స్ లాభం చూపింది. అది 3 అనే సంఖ్యకు డెసిబెల్ రూపం. నాయిస్ పరిమాణాన్ని లెక్కించే చోట కోడ్ రేటును మరిచిపోయానని వెంటనే తెలిసింది. సరిదిద్దిన తరువాత అసలు గ్రాఫ్ 3 డెసిబెల్స్ కుడికి జరిగి, ఉండవలసిన చోట నిలిచింది. అప్పటి నుంచి కొత్త ప్రోగ్రామ్ దేనినైనా ముందుగా సమాధానం తెలిసిన కోడ్ మీదే నడుపుతున్నాను.

ఈ మూడు విషయాల పేర్లూ అట్ట మీద కలిసి కనిపించే సంకలనాలు మీ దగ్గర ఉంటే, వాటిలో చాలావరకు సదస్సుల వ్యాసాలు అయి ఉంటాయి. వాటిని ఆద్యంతం చదవనక్కరలేదు; సంపాదకుల ముందుమాట, మీ ప్రశ్నకు దగ్గరగా ఉన్న ఒక్క వ్యాసం చాలు.

గణితం గురించి మీరు అడిగినదానికి కచ్చితంగా చెప్పాలంటే, పైన రాసినంత వరకు 0, 1 అనే రెండు అంకెలతోనే చేసే కూడిక, మాతృకలు, ప్రాథమిక సంభావ్యత సరిపోతాయి. పరిమిత క్షేత్రాలు రీడ్, సోలమన్ 1960లో ప్రతిపాదించిన కోడ్‌ల దగ్గర తప్పనిసరి అవుతాయి. ఆచరణలో 256 మూలకాల క్షేత్రం ఎక్కువగా వాడుకలో ఉన్నా, దాని జోలికి పోకుండా ముందు 8 మూలకాల క్షేత్రానికి గుణకార పట్టికను చేత్తో రాయండి. అది ఒక సాయంత్రం పని.