మా బాబుకు అన్స్‌గార్ అని పేరు పెట్టొచ్చా?

జర్మనీలోని బ్రేమన్‌కు వచ్చి ఇంకా ఏడాది నిండని ఒక అబ్బాయి అడిగిన సందేహం ఇది. భార్యకు ఎనిమిదో నెల. మగపిల్లాడని డాక్టర్ చెప్పేసింది, ఇక్కడ చెబుతారు కదా. వాళ్ళ కింది పోర్షన్‌లో అన్స్‌గార్ అనే పెద్దాయన ఉన్నారట. ఈ అబ్బాయి ఆఫీసులో ఉన్న వేళ ఆ అమ్మాయికి కళ్ళు తిరిగితే తన కారులో ఆస్పత్రికి తీసుకెళ్ళి, సాయంత్రం దాకా ఆమె పక్కనే కూర్చున్నారట. ఆయన పేరే బాబుకు పెడదామని మొగుడూ పెళ్ళాలు అనుకున్నారు. రాజమండ్రి నుంచి అత్తగారు మాత్రం ‘అదేం పేరు, దాని అర్థమేంటి, రేపు పిల్లాణ్ణి బళ్ళో ఏడిపించరా’ అని రోజూ ఫోన్ చేస్తున్నారు.

బాబూ, నిన్ను నువ్వు అనే అంటాను, మా పెద్దాడికంటే ఏ నాలుగేళ్ళో పెద్దవాడివి అంతే. పేరు పెట్టొచ్చు. మంచి పేరు కూడా. అయితే ఎక్కడ పెట్టాలి, ఎలా పెట్టాలి అన్నదానిలోనే ఉంది అసలు సంగతి. ముందు మీ అత్తగారికి జవాబు చెప్పేస్తాను.

అన్స్‌గార్ అంటే దేవుడి బల్లెం. ‘అన్స్’ అంటే పాత జర్మన్ జాతుల భాషల్లో దేవుడు, ‘గేర్’ అంటే బల్లెం. మన వేలాయుధం లాంటి పేరే అని చెప్పు, ఆవిడకు ఇట్టే అర్థమవుతుంది. మనం దేవదత్తుడు, ధనంజయుడు అని రెండు మాటలు కలిపి పేర్లు పెట్టినట్టే వాళ్ళూ పెట్టేవాళ్ళు. గెర్హార్డ్, హోల్గర్, రూడిగర్ పేర్లలో ఉన్నది కూడా ఈ బల్లెమే. మా ఆఫీసులో నాకు పని నేర్పిన మనిషి పేరు హోల్గర్. ఆయన పేరులో బల్లెం ఉందని చాలా ఏళ్ళ తర్వాత గానీ నాకు తెలియలేదు. అన్సెల్మ్‌లో ఉన్నది ‘అన్స్’, అంటే దేవుడు. తండ్రి పేరులో ఒక ముక్క కొడుక్కి ఇచ్చే అలవాటు కూడా ఉండేది. ఒక పాత జర్మన్ గాథలో తాత హెరిబ్రాండ్, తండ్రి హిల్డెబ్రాండ్, కొడుకు హాదుబ్రాండ్. పిల్లలందరికీ ఒకే అక్షరంతో మొదలయ్యే పేర్లు పెట్టే ఇళ్ళు మన వైపు ఎన్ని లేవు!

ఇదే పేరు ఉత్తరానికి వెళ్ళి డేనిష్‌లో ఆస్గర్, ఐస్‌లాండ్‌లో ఆస్గెయిర్ అయింది. పాత ఇంగ్లీషులో ఓస్గార్. ఆస్కార్ కూడా దీన్నుంచే వచ్చిందని కొందరంటారు, కాదు ఐరిష్ గాథల్లోంచి వచ్చిందని మరికొందరు. ఆ తగువు మనకెందుకు. ఇంకో మాట, ఫోన్‌లో మీ అత్తగారికి ఇది ‘అన్సు గారు’ అని వినిపిస్తుంది చూడు. పుట్టగానే మనవడికి గారు తగిలించారని ఆవిడ సంతోషిస్తారు కూడా!

ఇక చరిత్ర. ఇది చెప్పడం నాకిష్టం. ఎందుకంటే నేను ఉండేది హాంబర్గ్‌లో. ఊరి నడిబొడ్డున ట్రోస్ట్‌బ్రూకె అనే పాత వంతెన ఉంది. దాని మీద రెండు రాతి విగ్రహాలున్నాయి, ఒకటి పాతకాలపు ప్రభువు కౌంట్ అడాల్ఫ్‌ది, రెండోది అన్స్‌గార్‌ది. ఆఫీసుకు ఆ వంతెన మీదుగానే వెళ్ళేదాన్ని. ఎవరో బిషప్పు అనుకుని చాలాకాలం తలెత్తి చూడనైనా లేదు. తర్వాత చదివాను.

ఆ అన్స్‌గార్ 801లో ఫ్రాన్స్ ఉత్తర ప్రాంతంలో పుట్టారు. చిన్నప్పుడే కోర్బీ మఠంలో చేర్చారు. అక్కణ్ణుంచి వేజర్ నది ఒడ్డున కొత్తగా కట్టిన కోర్వై మఠానికి పంతులుగా వెళ్ళారు. మీ బ్రేమన్‌లో పారేది కూడా ఆ వేజర్ నదే. 826లో హరాల్డ్ క్లాక్ అనే డేనిష్ రాజు క్రైస్తవం పుచ్చుకుని తన దేశానికి తిరిగి వెళ్తుంటే తోడుగా పంపడానికి ఒక సన్యాసి కావాల్సొచ్చింది. ఓడల్లో వచ్చి ఊళ్ళు దోచుకునే వైకింగుల దేశానికి వెళ్ళడమంటే ప్రాణాల మీద ఆశ వదులుకోవడమే. అన్స్‌గార్ ఒప్పుకున్నారు. కొన్నేళ్ళకు స్వీడన్‌లోని బిర్కా అనే వర్తకుల ఊరికి బయల్దేరారు. దారిలో సముద్రపు దొంగలు పడి ఉన్నదంతా దోచుకున్నారు. అందులో నలభై దాకా పుస్తకాలున్నాయట. చేత్తో రాసుకునే రోజుల్లో నలభై పుస్తకాలంటే ఎంత ఆస్తో ఆలోచించు. పక్కవాళ్ళు వెనక్కి పోదామన్నా ఆయన వినలేదు. కొంత నడిచి, కొంత పడవల మీద బిర్కా చేరారు.

తర్వాత చక్రవర్తి ఆయన్ని హాంబర్గ్‌కు ఆర్చిబిషప్‌ను చేశాడు. అప్పటి హాంబర్గ్ చిన్న కోట, చుట్టూ నాలుగిళ్ళు. 845లో వైకింగులు పడవల్లో వచ్చి ఆ కోటను తగలబెట్టారు. చర్చి పోయింది, చక్రవర్తి ఇచ్చిన బైబిల్‌తో సహా పుస్తకాలన్నీ కాలిపోయాయి. ఆయన కట్టుబట్టలతో బయటపడ్డారు. తరవాత బ్రేమన్‌నూ ఆయన కిందికే చేర్చారు, మీ ఊళ్ళోనే స్థిరపడ్డారు. అక్కడ రోగుల కోసం ఆస్పత్రి కట్టించారు. బానిసలుగా అమ్ముడుపోయినవాళ్ళను డబ్బిచ్చి విడిపించేవారు. 865 ఫిబ్రవరి 3న బ్రేమన్‌లోనే కన్నుమూశారు. ఆయన శిష్యుడు, ఆయన తర్వాత ఆర్చిబిషప్ అయిన రింబెర్ట్ ఆయన జీవితచరిత్ర రాశాడు కాబట్టి మనకిదంతా తెలిసింది. బ్రేమన్‌లో ఆయన పేరు మీదున్న చర్చి రెండో ప్రపంచ యుద్ధంలో బాంబులకు కూలింది గానీ ఆ చోటును ఇప్పటికీ అన్స్‌గారి పేరుతోనే పిలుస్తారు. నువ్వు ట్రామ్‌లో దాన్ని దాటి వెళ్తూనే ఉండి ఉంటావు.

ఒక విశేషం గమనించావా? పేరులో ఉన్న ‘అన్స్’ వాళ్ళ పాత దేవతల్ని పిలిచిన మాట, వాళ్ళ పెద్ద దేవుడు ఓడిన్ గుంపును. ఓడిన్ చేతి ఆయుధం కూడా బల్లెమే. ఆ దేవుళ్ళను కొలిచేవాళ్ళ దగ్గరికి కొత్త మతం చెప్పడానికి వెళ్ళినాయన పేరులో ఆ దేవుళ్ళే ఉన్నారు. పేరును ఎవరూ మార్చమనలేదు, ఆయనా మార్చుకోలేదు. పరాయి దేశంలో బతికే మనం దీన్ని పట్టించుకోవాలి.

రూల్స్ సంగతి రెండు ముక్కల్లో చెప్తాను, మిగతావి మీ ఊరి స్టాండెసామ్ట్ (పుట్టుకలు, పెళ్ళిళ్ళు నమోదు చేసే ఆఫీసు) సైట్‌లో చూసుకో. బిడ్డ పుట్టిన వారంలోపు పుట్టుక నమోదు కావాలి, చాలా ఆస్పత్రుల్లో కాగితాలు వాళ్ళే పంపుతారు. బాబుకు కీడు చేసే పేరు కాకపోతే అడ్డు చెప్పరు. మన పేర్ల గురించి భయపడకు. కిరణ్ అనే పేరును ఆడపిల్లకు పెడితే, అది ఆడపేరో మగపేరో తెలియడం లేదని ఇక్కడి అధికారులు ఒప్పుకోలేదు. ఆ కేసు జర్మనీ రాజ్యాంగ న్యాయస్థానం దాకా వెళ్ళి 2008 డిసెంబర్‌లో తల్లిదండ్రులే గెలిచారు. ఇప్పుడు మన పేర్లు పెట్టుకునే ప్రతి ఇల్లూ ఆ తీర్పు నీడలోనే ఉంది.

ఇక అసలు మాట. నీకు కాగితాల టెన్షన్ ఉంది, నాకు వేరే బెంగ ఉంది. ఈ దేశంలో పిల్లాడు ఒంటరివాడు కాకూడదు. దాని తర్వాతే మిగతావన్నీ.

మా పెద్దాడు పుట్టినప్పుడు మేం కూడా నీలాగే కొత్త. ఇరవై ఒకటో రోజు నామకరణం చేశాక పేరు చెబుదామనుకుంటే ఆస్పత్రివాళ్ళు అప్పుడే ఫారం ఇచ్చారు. ఇండియాకు ఫోన్ చేస్తే మామగారు కులదైవం పేరుండాలన్నారు, మా నాన్న సాయి ఉండాలన్నారు. మా ఆయన అందరి మాటా కలిపి ‘వెంకట సాయి ప్రణవ్’ అని రాసిచ్చారు. ఇంట్లో మాత్రం వాడు బన్నీ. మూడేళ్ళు నిండగానే కిండర్‌గార్టెన్‌లో వేశాం. అక్కడ ప్రతి పిల్లాడికీ కోటు తగిలించుకోవడానికి ఒక కొక్కెం ఉంటుంది, పైన బొమ్మ, కింద పేరు. మావాడి కొక్కెం మీద నత్త బొమ్మ, కింద ‘వెంకట’ అని. కాగితంలో మొదట ఉన్నది అదే కాబట్టి వాళ్ళు అదే పిలిచేవారు, అది కూడా ‘వెంకాటా’ అని సాగదీసి. వాడు వెనక్కి తిరిగేవాడు కాదు. ఆ పేరు తనదని వాడికి తెలిస్తే కదా! పిల్లలు రెండుసార్లు పిలిచేవారు, మూడోసారి వదిలేసేవారు. నేను తీసుకెళ్ళడానికి వెళ్ళేసరికి ఎర్ర కారు బొమ్మ ఒళ్ళో పెట్టుకుని గోడ పక్కన ఒక్కడే కూర్చుని ఉండేవాడు.

టీచర్ నన్ను పిలిచి, పిల్లాడికి చెవులు సరిగ్గా వినపడుతున్నట్టు లేదు, డాక్టర్‌కు చూపించమంది. చూపించాం. చెవులు భేషుగ్గా ఉన్నాయి. ఇంటికొచ్చి చాలాసేపు ఏడ్చాను, తర్వాత లేచి ఒక పని చేశాను. ఆ రోజు నుంచి మా ఇంట్లో బన్నీ లేడు, అందరూ ప్రణవ్ అనే పిలవాలి, అమ్మమ్మతో సహా. టీచర్‌తో మాట్లాడి కొక్కెం మీద ప్రణవ్ అని రాయించాను. వారం తిరక్కుండా పక్క కొక్కెం పిల్లాడు ‘ప్రణవ్, రా’ అంటే మావాడు పరిగెత్తడం ఈ కళ్ళతో చూశాను. ఇవాళ వాడు ఈ ఊళ్ళోనే ఇంజనీరు, వాడి స్నేహితులతో మా ఇల్లు నిండిపోతుంది. ఎవరూ చెప్పేవాళ్ళు లేని రోజుల్లో అన్నీ మేమే తెలుసుకున్నాం. మీకు అడగడానికైనా మేమున్నాం.

నా సంగతీ అంతే. ఇక్కడ తలుపు బెల్ మీద ఇంటిపేరే ఉంటుంది, ఇరుగుపొరుగు కూడా ఇంటిపేరుతోనే మర్యాదగా పిలుస్తారు. పుట్టింటి పేరూ కాదు, నా పేరూ కాదు, మా ఆయన ఇంటిపేరు. డిసెంబర్‌లో నాలుగింటికే చీకటి. మా ఆయన వచ్చేదాకా నా పేరు పెట్టి పిలిచే గొంతు ఒక్కటీ వినబడేది కాదు. కింది ఇంటి పెద్దావిడ ఒకరోజు మెట్ల మీద ఆగి, ‘నేను రెనాటె, మనం పేర్లతో పిలుచుకుందామా’ అంది. ఇక్కడ అలా అడగడం చిన్న విషయం కాదు, ఆ మాట పెద్దవాళ్ళే అనాలి, అంటే ఇక నువ్వు మా మనిషివని. మీ అన్స్‌గార్ మీ ఇద్దరినీ పేర్లతో పిలుస్తున్నారంటే మీకు ఎంత పెద్ద అండ దొరికిందో మీకింకా తెలియదు.

అందుకని నా సలహా ఇది. పిల్లాణ్ణి ఇంట్లో, బళ్ళో, బామ్మ ఫోన్‌లో ఏ పేరుతో పిలుస్తారో ఆ పేరు మొదట రాయండి. అది మన పేరే అయి ఉండాలి, జర్మన్ నోటికి తిరిగేది చూడండి. అన్స్‌గార్ రెండో పేరుగా పెట్టండి. ఇప్పటి పిల్లల్లో ఆ పేరు చాలా అరుదు, బళ్ళో మరొకడు దొరకడు. మొదటి పేరుగా పెడితే మన మొహానికి ఈ పేరేంటని అడిగినప్పుడల్లా అయిదేళ్ళ పిల్లాడు ఒంటరిగా జవాబు చెప్పుకోవాలి. రెండో పేరైతే వాడు పెద్దయ్యాక ఎవరైనా అడిగితే, అమ్మను ఆస్పత్రికి తీసుకెళ్ళిన తాతగారి పేరు అని చెబుతాడు. జర్మన్ కుటుంబాల్లో జ్ఞానస్నానం నాడు అండగా నిలిచిన పెద్దమనిషి పేరును బిడ్డకు రెండో పేరుగా పెట్టే ఆచారం ఎప్పటినుంచో ఉంది. కాబట్టి ఎవరికీ వింతగా ఉండదు, ఆ పెద్దాయనకు అసలే ఉండదు. ఇంటిపేరు మీ పాస్‌పోర్టుల్లో ఎలా ఉందో అక్షరం పొల్లుపోకుండా చూసుకోండి, మన ఇంటిపేర్లు అక్కడే తలకిందులవుతాయి.

ఫారం నింపేలోపు ఒక పని మిగిలింది. ఆయన్ని అడగకుండా పెట్టకండి. వాట్సాప్‌లో మెసేజ్ పెట్టడం కాదు, మీ ఇంటికి భోజనానికి పిలవండి. కారం తగ్గించి పులిహోర, గట్టి పెరుగు, ఏదైనా ఒక వేపుడు చాలు. కూర్చోబెట్టి, మీ పేరు మా బాబుకు ఇస్తారా అని మీ ఆవిడ చేత అడిగించు, ఆయన తోడున్నది ఆ అమ్మాయికి కదా. ఫిబ్రవరి 3న కేథలిక్ ఇళ్ళలో ఈ పేరున్నవాళ్ళకు నామదినం, అంటే ఆ పునీతుడి పేరు మీద చేసుకునే పండుగ, ఆయనకు ఆ అలవాటుందేమో కూడా కనుక్కో. నామకరణానికి అత్తగారు రాలేకపోతే వీడియో కాల్‌లో ఆయన్ని ఆవిడకు పరిచయం చెయ్యి. ఆయన ఏమన్నారో, మీరు మొదటి పేరు ఏం అనుకున్నారో నాకు తప్పకుండా రాయి.