పాట కన్నా ముందు వేషమే వచ్చింది

"న్యూవేవ్ సంగీతం వల్లే ఎనభైల నాటి ఫ్యాషన్ మారిందా?" అని అడిగారు. న్యూవేవ్ అంటే డెబ్బైల చివర్లో మొదలైన కొత్త తరహా పాప్ సంగీతం. నన్నడిగితే అది తిరగేసి చెప్పాలి. ముందు వేషం వచ్చింది, పాట దాని వెనకాల వచ్చింది.

అప్పట్లో మేం ఇంగ్లండులోని షెఫీల్డ్‌లో ఉండేవాళ్లం. నాన్నగారు అక్కడి ఆసుపత్రిలో డాక్టరు. 1982లో ఓ గురువారం సాయంత్రం టీవీలో 'టాప్ ఆఫ్ ది పాప్స్' అనే హిట్ పాటల కార్యక్రమం వస్తోంది. నాన్నగారు డ్యూటీ నుంచి వచ్చి పెరుగన్నం కలుపుకుంటున్నారు. తెర మీద కల్చర్ క్లబ్ బ్యాండు గాయకుడు బాయ్ జార్జ్ ప్రత్యక్షమయ్యాడు. లిప్‌స్టిక్కు, దిద్దిన కనుబొమలు, సన్నటి జడలకి రిబ్బన్లు! నాన్నగారి చెయ్యి కంచంలోనే ఆగిపోయింది. "వీడు అబ్బాయా, అమ్మాయా?" అమ్మకి ఆ గొడవే పట్టలేదు. "ఆ రిబ్బన్లు ఎంత ఒద్దికగా కట్టుకున్నాడో చూడండి" అంది. స్కూల్లో వెక్కిరిస్తున్నారని మా అక్క రిబ్బను జడలు మానేసి అప్పటికి ఏళ్లయింది. మర్నాడు పొద్దున్నే తనే పెట్టె తెరిచి, విజయవాడ నుంచి తెచ్చిన ఎర్ర రిబ్బన్లు వెతికి తీసి, అమ్మ ముందు వీపు తిప్పి కూర్చుంది. నూనె మాత్రం రాయొద్దంది. పాట ఎలా ఉందని మా ఇంట్లో ఒక్కరూ అనుకోలేదు, గమనించండి.

ఆ బాయ్ జార్జ్ అంతకు ముందు లండన్‌లోని బ్లిట్జ్ క్లబ్బులో, వచ్చినవాళ్ల కోట్లు తీసుకుని దాచే పని చేసేవాడు. అక్కడి మంగళవారం రాత్రులకి గుమ్మం దగ్గర కాపలా స్టీవ్ స్ట్రేంజ్. వేషం నచ్చకపోతే లోపలికి పంపేవాడు కాదు, రోలింగ్ స్టోన్స్ గాయకుడు మిక్ జాగర్‌నే వెనక్కి పంపేశాడని చెప్పుకుంటారు. లోపల చాలామంది ఆర్ట్ కాలేజీ పిల్లలు, సొంతంగా కుట్టుకున్న బట్టలు. బ్యాండ్లు వాళ్లలోంచే పుట్టాయి. మా షెఫీల్డ్‌లోనూ అంతే. 1980లో హ్యూమన్ లీగ్ గాయకుడు ఫిలిప్ ఓకీ, నైట్‌క్లబ్బులో డాన్సు చేస్తున్న ఇద్దరు స్కూలు అమ్మాయిల్ని చూసి బ్యాండులోకి తీసుకున్నాడు. మరుసటి ఏడాది క్రిస్మస్‌కి బ్రిటన్ పాటల పట్టికలో వాళ్ల పాటే నంబర్ వన్! ఎ ఫ్లాక్ ఆఫ్ సీగల్స్ అనే ఇంకో బ్యాండు గాయకుడైతే అసలు వృత్తికి హెయిర్‌డ్రెస్సరే. ఇంకేం రుజువు కావాలి?

1981 ఆగస్టు 1న అమెరికాలో పాటల వీడియోల ఛానెల్ ఎమ్‌టీవీ మొదలైనప్పుడు వేయడానికి వాళ్ల దగ్గర వీడియోలు తక్కువ. ఇంగ్లండు బ్యాండ్ల దగ్గర ఉన్నాయి. దాంతో ఈ జుట్లు సముద్రం దాటి వెళ్లాయి. సింథసైజర్లు, అంటే రకరకాల ధ్వనులు పుట్టించే ఎలక్ట్రానిక్ వాయిద్యాలు, చౌకవడం వల్లే ఇదంతా అని కొందరంటారు. చౌకైన మాట నిజమే, కానీ సింథసైజర్ని ఎవరూ ఒంటికి తొడుక్కోలేదు కదా!

ఇంకొకటి. ఈ మధ్య మన తెలుగువాళ్ల 'ఎయిటీస్ నైట్' పార్టీకి వెళ్తే అందరి కాళ్లకీ మెరిసే గులాబీ రంగు లెగ్ వార్మర్లు. అవి ఏరోబిక్స్ క్లాసువి తల్లీ! నల్లకోటు, కాస్త ఐలైనర్, ఒక కన్ను కప్పేసే జుట్టు ఉంటే సరిపోయేది. పైగా ఆ డీజే రాత్రంతా డెబ్బైల నాటి డిస్కోనే వేశాడు.