సందేహాలు – సమాధానాలు: ‘ఇన్‌స్టాల్ చేయబడలేదు’ అనవచ్చునా?

సందేహం: తిరుపతి గాంధీ రోడ్డులోని మా దుకాణంలో బిల్లులు కొట్టే పాత డాట్ మ్యాట్రిక్స్ ప్రింటర్‌ను కొత్త కంప్యూటర్‌కు తగిలించుకోవలసి వచ్చింది. పనివాళ్ల కోసం సూచనలు రాస్తూ ‘కేబుల్ కలుపబడవలెను, డ్రైవర్ ఇన్‌స్టాల్ చేయబడనిచో బిల్లు ముద్రించబడదు’ అన్నాను (డ్రైవర్ అంటే కంప్యూటర్ చేత ప్రింటర్‌ను నడిపించే సాఫ్ట్‌వేర్). ఇది మంచి తెలుగేనా?

సమాధానం: మీ వాక్యంలో వ్యాకరణ దోషం లేదు. అయితే ‘బడు’ చేర్చిన కర్మణి ప్రయోగం తెలుగువారి నోట సహజంగా రాదు. అంతకంటే ముఖ్యంగా, మీ కాగితం చదివే కుర్రవాడికి తెలియవలసిన సంగతినే అది కప్పేస్తుంది. ‘డ్రైవర్ ఇన్‌స్టాల్ చేయబడలేదు’ అంటే ఆ పనికి ఎవరూ పూనుకోలేదనా, పూనుకున్నా కుదరలేదనా? మొదటిదానికి ‘చేయలేదు’ అనీ, రెండోదానికి ‘కాలేదు’ అనీ తెలుగులో వేరువేరు మాటలున్నాయి. ప్రింటర్ కొన్ననాటి సీడీలో ఉన్న పాతకాలపు 32 బిట్ విండోస్ కోసం చేసిన డ్రైవర్‌ను ఇప్పటి 64 బిట్ విండోస్ ఒప్పుకోదు కనుక, దానితో ఎంత ప్రయత్నించినవాడైనా చివరికి ‘చేశానండీ, కాలేదు’ అనే చెబుతాడు. ఆ రెండు మాటలతోనే లోపం అతని పనిలో లేదనీ, వేరే డ్రైవర్ వెతకాలనీ మీకు తెలిసిపోతుంది.

కేబుల్ తనంత తాను కలిసేది కాదు కాబట్టి అక్కడ ‘తగిలించండి’ అంటే చాలు. మీ ప్రశ్నలో మీరు వాడిన మాటే అది.

‘ముద్రించబడదు’ అన్నచోట మన చిత్తూరు ప్రాంతంలో ‘ప్రింటు పడదు’ అంటారు, అదే రాయండి. హెడ్డు (అక్షరాలు కొట్టే భాగం) అటూ ఇటూ కదులుతున్నా కాగితం తెల్లగానే ఉంటే ‘అక్షరాలు పడటం లేదు’ అనాలి, అప్పుడు రిబ్బన్ చూసుకోవాలి. హెడ్డు కదలనే కదలకపోతే ‘ప్రింటు రావడం లేదు’ అనడం మేలు, అప్పుడు కంప్యూటర్ యుఎస్‌బి నుంచి ప్రింటర్‌కు ఉండే పారలల్ పోర్టుకు (పాతకాలపు వెడల్పాటి సాకెట్‌కు) వెళ్లే కేబుల్‌నూ, విండోస్‌లో ఎంచుకున్న పోర్టునూ పరీక్షించాలి.

విండోస్‌లోని ‘జెనెరిక్ టెక్స్ట్ ఓన్లీ’ డ్రైవర్ పెట్టుకుని ఉంటే మాత్రం ‘తెలుగు పడదు’ అని ఒక వాక్యం చేర్చండి. అది అక్షరాల సంకేతాలనే పంపుతుంది, వాటి రూపాలను ప్రింటర్ తన మెమరీలోంచి తీసుకుంటుంది; మామూలు ప్రింటర్ల మెమరీలో తెలుగు లిపి ఉండదు. పేజీని బొమ్మగా మార్చి పంపే డ్రైవర్ మీ మోడల్‌కు దొరికినప్పుడు ఆ వాక్యాన్ని కొట్టివేయవచ్చు.